షబ్బాత్ రోజు సబ్తా "గదిలో చీకటిగా ఉంది" అంటే ఏం చేయాలి?

చెల్లెమ్మా, మీ ప్రశ్నలను ముందు క్లుప్తంగా చెబుతాను, చదివే మిగతావారికీ విషయం తెలుస్తుంది. ఇజ్రాయెల్‌లోని బ్నేయ్ బ్రాక్‌లో బాగా నిష్ఠ పాటించే ఒక యూదు కుటుంబంలో, ఎనభై దాటిన సబ్తాను (హీబ్రూలో అమ్మమ్మను, నానమ్మను ఇలా పిలుస్తారు) చూసుకునే పనిలో మీరు కొత్తగా చేరారు. మొదటి శనివారం, అంటే వాళ్ల వారపు విశ్రాంతి దినమైన షబ్బాత్ రోజు, ఆమె "గదిలో చీకటిగా ఉంది" అని రెండు మూడుసార్లు అన్నారే తప్ప లైటు వేయమని అడగలేదు. మీరు వేసిన ఆమ్లెట్ తినలేదు. పాల చెంచాను మాంసం గిన్నెలు కడిగే సింకులో కడిగారని కూతురు గాభరా పడ్డారు. శనివారం సబ్తాకు ఏమైనా అయితే ఫోను ముట్టుకోవచ్చా లేదా అన్నది మీ అసలు భయం.

ఈ చివరి దానికే ముందు జవాబు చెప్పాలి. ఫోను చేయండి. ఎవరి అనుమతీ అడగకుండా, ఆ క్షణమే, 101కు. అది అంబులెన్స్ సేవ మాగెన్ డేవిడ్ అడోం నంబరు. ఛాతీలో నొప్పి, ఊపిరాడకపోవడం, మూతి వంకర పోవడం, మాట ముద్దగా రావడం, పడిపోయి తలకు దెబ్బ తగలడం, షుగర్ బాగా పడిపోవడం, వీటిలో ఏది కనిపించినా అది శనివారమా, పవిత్ర ఉపవాస దినమైన యోమ్ కిప్పూరా అని చూడవద్దు. ఇలా చేయమన్నది వాళ్ల ధర్మశాస్త్రమైన హలాఖాయే. ఆజ్ఞలను పాటించేవాడు వాటివల్ల బ్రతుకుతాడని లేవీయకాండము 18వ అధ్యాయంలో ఉంది. వాటివల్ల బ్రతకాలి గానీ చావకూడదని, వాళ్ల ప్రాచీన ధర్మచర్చల గ్రంథమైన తల్మూద్‌లోని పండితులు దాని నుంచి తేల్చారు. ప్రాణం పోతుందన్న నిశ్చయం కూడా అక్కరలేదు, పోతుందేమోనన్న అనుమానం చాలు. యెరూషలేం తల్మూద్ ఇంకా గట్టిగా చెబుతుంది. అలాంటి వేళ చురుగ్గా కదిలినవాడు మెచ్చదగినవాడట, "చేయవచ్చా" అని అడుగుతూ నిలబడినవాడు రక్తం చిందించినవాడట. ఆ ప్రశ్న తనదాకా వచ్చేలా చేసుకున్న పండితుణ్ని కూడా తప్పుపడుతుంది, తన ఊరివాళ్లకు ఆ సంగతి ముందే నేర్పి ఉండాల్సిందని.

అప్పుడు మీకు వింతగా తోచేది ఇంకొకటి జరగవచ్చు. యూదేతరులైన మీరు పక్కనే ఉన్నా, షబ్బాత్ అంటే ప్రాణం పెట్టే కొడుకే ఫోను లాక్కుని తానే నంబరు నొక్కవచ్చు, అంబులెన్స్ ఎక్కి వెంట రావచ్చు. 16వ శతాబ్దంలో సఫెద్ పట్టణంలో యోసెఫ్ కారో కూర్చిన షుల్హాన్ అరూఖ్ అనే ధర్మ నియమాల గ్రంథం ఈ సందర్భాన్ని తీసుకుని, ప్రాణాపాయంలో ఉన్నవారి కోసం షబ్బాత్ నియమాలను దాటాల్సి వస్తే ఆ పనికి యూదేతరులనో పిల్లలనో వెతకవద్దని, పెద్దవాళ్లే స్వయంగా పూనుకోవాలని చెబుతుంది. ప్రాణం కాపాడటం దొంగచాటు పని అన్న భావన ఎవరికీ కలగకూడదని, మరోసారి అలాంటి అవసరం వస్తే ఎవరూ తటపటాయించకూడదని దీనికి వ్యాఖ్యాతలు కారణాలు చెప్పారు. ఇన్నేళ్లుగా ఈ ఇళ్లలో పనిచేస్తూ ఎన్ని నియమాలు విన్నా, నాకు అన్నిటికంటే గౌరవం కలిగించినది ఇదే.

ఇప్పుడు చీకటి గది సంగతి. షబ్బాత్ రోజు యూదులు తాము చేయకూడని పనిని యూదేతరులకు చెప్పి చేయించుకోవడం కూడా నిషేధమే. ముందురోజే చెప్పి ఉంచినా అంతే. ఇది తోరాలో, అంటే మోషే అయిదు కాండాల్లో, నేరుగా ఉన్నది కాదు, తర్వాతి పండితులు పెట్టిన కట్టుబాటు, కాబట్టి దీనికి సడలింపులు ఎక్కువ. అందులో ఒకటి మీరు విన్న మాట. "లైటు వేయి" అంటే ఆజ్ఞ. "చీకటిగా ఉంది" అంటే ఉన్న స్థితిని చెప్పడం. విన్నవాళ్లు తమంతట తాము అర్థం చేసుకుని ఏదైనా చేస్తే, దానికి వేరే లెక్క ఉంది. కాబట్టి ఆమె మిమ్మల్ని పరీక్షించడం లేదు, ముభావంగానూ లేరు. తనకు అనుమతి ఉన్న వాక్యాన్ని ఎంచుకుని మాట్లాడుతున్నారు. మీరు లేచి లైటు వేయండి.

నిజానికి మీ సబ్తా విషయంలో అంత దూరం కూడా పోనక్కరలేదు. ప్రాణాపాయం లేకపోయినా మంచాన పడ్డవారు, ఒళ్లంతా నీరసించి ఉన్నవారు రోగుల కిందికే వస్తారు. అలాంటివారి అవసరం కోసం యూదేతరులను నేరుగా అడిగి పని చేయించుకోవచ్చని షుల్హాన్ అరూఖ్‌లోనే ఉంది. చలి విషయంలో అందులో ఇంకో మంచి మాట ఉంది. చలి తీవ్రంగా ఉంటే అందరూ రోగులతో సమానమే, కాబట్టి నిప్పు రాజేయమని యూదేతరులకు చెప్పవచ్చని. జనవరిలో యెరూషలేంలో పనిచేసినవాళ్లకు ఆ మాట విలువ తెలుస్తుంది. అదే తర్కంతో విపరీతమైన ఉక్కలో ఏసీ వేయించుకోవడానికి ఒప్పుకున్న రబ్బీలు (యూదు మతగురువులు) ఉన్నారు. మరి అనుమతి ఉండగా ఆమె సూచనతో ఎందుకు ఆగారు అంటే, చాలామంది వృద్ధులు తాము రోగులమని ఒప్పుకోరు. కర్ర పట్టుకుని నడుస్తున్నాను కదా, నాకేమి అంటారు. ఈ తేడాను మీరు తేల్చలేరు, కుటుంబమే తమ రబ్బీని అడిగి తేల్చుకోవాలి. "మీ అమ్మగారి కోసం శనివారం నేను ఏయే పనులు చేయవచ్చో ఒకసారి మీ రబ్బీని అడిగి చెప్పండి" అని కూతురితో అనండి. సంతోషిస్తారు.

ఇంకో మార్గం కూడా గుర్తుంచుకోండి. మీ సొంత అవసరానికి మీరు వేసుకున్న లైటు వెలుగులో ఆమె కూర్చోవచ్చు. ఇది మిష్నా కాలం నుంచి ఉన్న సూత్రం. మిష్నా అంటే సుమారు క్రీ.శ. 200లో కూర్చిన సంకలనం, తల్మూద్‌కు మూలం. అందులో ఒక ఉదంతం ఉంది. రబ్బాన్ గమలీయేలూ మరికొందరు పెద్దలూ ఎక్కిన ఓడ షబ్బాత్ రోజు ఒడ్డుకు చేరింది. యూదేతరుడు ఒకడు తాను దిగడానికి మెట్ల బల్ల వేసుకుంటే, వాళ్లూ దాని మీదుగానే దిగారు. తమ కోసమే వేసి ఉంటే దిగేవారు కాదు. అందుకని మీరు గిన్నెలు కడగడానికి వంటగదిలో లైటు వేసుకోండి, మీ గదిలో ఫోను చూసుకోండి, మీ వేడినీళ్లు మీరు కాచుకోండి. ఈ నియమాలు మీ మీద లేవు. అయితే వంటగదిలో గిన్నె, పొయ్యి వాళ్లవి కాబట్టి మీ వంట ఎందులో చేసుకోవాలో మాత్రం ముందే మాట్లాడుకోవాలి.

అసలు ఏ పని నిషేధం అన్న దగ్గర మనవాళ్లు ఎక్కువగా తికమక పడతారు. విశ్రాంతి రోజు కదా, బరువైన కుర్చీ జరపడం తప్పు, స్విచ్ నొక్కడం ఏమంత పని అనుకుంటారు. కష్టానికీ నిషేధానికీ సంబంధం లేదు. అరణ్యంలో ఇశ్రాయేలీయుల ఆరాధన స్థలమైన ప్రత్యక్ష గుడారం కట్టడానికి అవసరమైన పనుల నుంచి తీసిన 39 మూల వర్గాలు మిష్నాలో ఉన్నాయి. విత్తడం, కోయడం, ఏరడం, దంచి పొడి చేయడం, వండటం, రాయడం, కట్టడం, నిప్పు వెలిగించడం, ఆర్పడం, ఒక ఆవరణ నుంచి మరో ఆవరణకు మోయడం, ఇలాంటివి. కొత్త వస్తువు ఏది వచ్చినా ఇది వీటిలో దేని కిందికి వస్తుందని అడుగుతారు. బల్బులో తీగ ఎర్రగా కాలుతుంది కాబట్టి నిప్పు వెలిగించడమన్నారు చాలామంది. విద్యుత్ వలయాన్ని పూర్తి చేయడం కట్టడం లాంటిదన్నారు బ్నేయ్ బ్రాక్‌లోనే జీవించిన గొప్ప పండితుడు హజోన్ ఈష్. ఈ రెండూ వర్తించని చోట కూడా సంప్రదాయం స్థిరపడింది కాబట్టి విద్యుత్ పరికరాలు ముట్టరు. ఫ్రిజ్ తలుపు తెరిస్తే బల్బు వెలుగుతుంది కాబట్టి శుక్రవారమే ఆ బల్బు తీసేయడం మీరు చూసే ఉంటారు.

ఇందులో మీకు రోజూ తగిలేది మందుల విషయం. సబ్తాకు మాత్ర మింగడం కష్టమై మీరు పొడి చేసి ఇస్తున్నట్లయితే, పొడి చేయడం ఆ 39లో ఒకటి. శుక్రవారం సాయంత్రంలోపే శనివారం మోతాదులు పొడి చేసి వేర్వేరు పొట్లాలు కట్టి పెట్టండి. కొన్ని మాత్రలు పొడి చేయనే కూడదు, అది డాక్టరును అడగండి. బీపీ చూసే యంత్రాన్ని రోగి కోసం మీరు వాడితే చాలా ఇళ్లలో అభ్యంతరం ఉండదు, ఇదీ ముందే అడిగి పెట్టుకోండి. వినికిడి యంత్రం శుక్రవారమే ఆన్ చేసి, కొత్త బ్యాటరీ వేసి ఉంచాలి. యెరూషలేంలో సూర్యాస్తమయానికి 40 నిమిషాల ముందే దీపాలు వెలిగిస్తారు, మిగతా చాలా ఊళ్లలో 20 నిమిషాల ముందు, కాబట్టి "సాయంత్రం" అంటే ఎప్పుడో ఆ వారం క్యాలెండర్ చూసుకోండి. చలికాలంలో నాలుగు దాటేసరికే గడువు ముగుస్తుంది.

టీ పెట్టడం ఒకసారి దగ్గరుండి చూడండి, అందులో హలాఖా ఆలోచించే తీరు మొత్తం కనిపిస్తుంది. శుక్రవారం నుంచి వేడిగా ఉన్న పెద్ద పాత్ర నుంచి నీళ్లు ముందు ఒక కప్పులో పడతారు. ఆ కప్పు పొడిగా ఉండాలి, తడి ఉంటే ఆ చల్లని చుక్కలు వేడినీళ్లు తగిలి ఉడికినట్లవుతాయి. ఆ కప్పులోంచి రెండో కప్పులోకి ఒంపుతారు. చెయ్యి పెట్టగానే చురుక్కుమని వెనక్కి తీసుకునేంత వేడి, అంటే సుమారు 45 డిగ్రీలు దాటితే, వండటం అనే ప్రశ్న మొదలవుతుంది. పొయ్యి మీది పాత్రకు వండే శక్తి ఉంది, మొదటి కప్పుకు తక్కువ, రెండో కప్పుకు ఇంకా తక్కువ. అందులో, శుక్రవారమే కాచి పెట్టుకున్న డికాషన్ కలుపుతారు. ఒక్క కప్పు టీలో ఇంత లెక్క ఉంటుందని తెలిశాక, "ఇంత చిన్న విషయానికి ఎందుకింత" అని నేను మళ్లీ అనుకోలేదు. వాళ్లకు ఆ రోజు మీద ఉన్న ప్రేమ ఈ శ్రద్ధలోనే తెలుస్తుంది.

పక్క ఫ్లాటులో పనిచేసే మన అమ్మాయి "మా ఇంట్లో అలా లేదే" అంటుంది. నిజమే, ఉండదు. కారో గ్రంథం స్పెయిన్, తూర్పు దేశాల యూదుల, అంటే సెఫార్దీల, ఆచారానికి దగ్గరగా ఉందని, పోలండ్‌లోని క్రాకోవ్ నగరంలో మోషే ఇస్సెర్లెస్ అష్కెనాజీ, అంటే మధ్య, తూర్పు ఐరోపా యూదుల, ఆచారాలను దానికి వ్యాఖ్యలుగా చేర్చారు. నేటికీ ఇద్దరి మాటలూ ఒకే పుటలో అచ్చవుతాయి, ఒక్కో ఇల్లు ఒక్కొక్కరిని అనుసరిస్తుంది. డాబా మీది సోలార్ హీటర్ వేడినీళ్లు షబ్బాత్ రోజు వాడుకోవచ్చని సెఫార్దీల ప్రముఖ పండితుడు రబ్బీ ఓవదియా యోసెఫ్ అనుమతించారు, ఆయన్ను అనుసరించే ఇళ్లలో వాడతారు. వేడినీళ్ల కొళాయి తిప్పితే చల్లనీళ్లు ట్యాంకులోకి దిగి వేడెక్కుతాయి కాబట్టి కూడదని అనేక అష్కెనాజీ కుటుంబాలు ముట్టవు. అందుకే ఒక ఇంట్లో నేర్చుకున్నది ఇంకో ఇంట్లో వాడకండి.

ఇక ఆమ్లెట్. సరుకులన్నీ కోషర్, అంటే వాళ్ల ఆహార నియమాలకు తగినవే, అయినా పచ్చిగా తినని, గౌరవమైన భోజనంలో వడ్డించదగిన పదార్థాన్ని యూదేతరులే పూర్తిగా వండితే తినకూడదన్న నియమం ఉంది. గుడ్డు దాని కిందికి వస్తుంది. కాఫీ, పండ్లు, పచ్చి కూరగాయల సలాడ్ రావు. పరిష్కారం సులువు. అష్కెనాజీ ఇల్లయితే పొయ్యిని యూదులు వెలిగిస్తే చాలు, మిగతా వంటంతా మీరు చేయవచ్చు. సెఫార్దీ ఇల్లయితే పెనాన్ని పొయ్యి మీద పెట్టడమో, కలపడమో కూడా వాళ్ల చేతి మీదుగా జరగాలి. షబ్బాత్ కాని రోజుల్లో పొద్దున సబ్తాను చక్రాల కుర్చీలో వంటగదికి తీసుకువచ్చి ఆమె చేతనే పొయ్యి తిప్పించండి. ఆమె తన వంటింట్లో ఇంకా ఇల్లాలే అన్న భావన ఆమెకు మిగులుతుంది, నా అనుభవంలో అది మందుల కంటే బాగా పనిచేస్తుంది.

వైన్ గురించి మీరు అడగలేదు గానీ ముందే చెప్పాలి. మూత తెరిచిన వైన్‌ను, ద్రాక్ష రసాన్ని మీరు పోస్తే కొన్ని ఇళ్లలో తాగరు, సీసాపై "మెవుషాల్", అంటే కాచినది, అని ఉంటే ఆ చిక్కు లేదు. మన ఊళ్లలో వేరే గ్లాసు, వేరే గిన్నె చూసి పెరిగినవాళ్లకు ఇది గుండెలో గుచ్చుకుంటుంది. గుచ్చుకోకూడదని నేను అనను. అయితే తేడా తెలుసుకోండి. మీ చేతి నీళ్లు తాగుతారు, మీ చేతి ముద్ద తింటారు, మీరు స్నానం చేయిస్తారు, తినేటప్పుడు పక్కనే కూర్చోబెట్టుకుంటారు. ఈ నియమం ఒక్క ద్రాక్ష సారానికే, పూర్వం విగ్రహాలకు దానితో చేసే అర్పణల వల్లా, కలిసి తాగితే వియ్యం దాకా పోతుందన్న జాగ్రత్త వల్లా వచ్చింది. పుట్టుకను బట్టి మనిషి మైలని చెప్పేది కాదు. ఎవరైనా మిమ్మల్ని అలా చూస్తే దానికి హలాఖా అండ లేదు, ధైర్యంగా అడగండి.

చెంచా విషయంలో కూతురు గాభరా పడ్డారంటే, ఆమెకు కావలసిన వివరాలు మీరు చెప్పలేకపోయి ఉంటారు. మేకపిల్లను దాని తల్లి పాలలో ఉడికించకూడదని తోరా మూడుచోట్ల చెబుతుంది, పాలు, మాంసం వేరు చేసే ఏర్పాటంతా దాని నుంచే పెరిగింది. ఒకదాని రుచి ఇంకొక పాత్రలోకి ప్రధానంగా వేడి ద్వారా ఎక్కుతుందన్నది దాని లెక్క. కాబట్టి రబ్బీ అడిగే ప్రశ్నలు ఇవీ: నీళ్లు వేడివా, చల్లవా? ఆ చెంచాను గత 24 గంటల్లో వేడి పాలలో వాడారా? సింకులో మాంసం జిడ్డు ఉందా? తగిలినది ఎంత, దానికి 60 రెట్లు మిగతా పదార్థం ఉందా? చల్లనీళ్లలో కడిగి ఉంటే మామూలుగా మళ్లీ శుభ్రంగా కడగడంతో పోతుంది. పొరపాటు జరిగితే దాచకుండా, ఏమీ పారేయకుండా, అక్కడే వదిలి ఈ వివరాలతో చెప్పండి. దాచితేనే వాళ్లకు నిజంగా బాధ. కొత్త గిన్నె కొన్నా వెంటనే వాడవద్దు, లోహపు, గాజు పాత్రలను ముందు మిక్వె అనే శుద్ధి కొలనులో ముంచి తెస్తారు.

పస్కా పండుగకు నెల ముందు మీ మసాలా డబ్బాలు చూసుకోండి. గోధుమ, బార్లీ, ఓట్స్ వంటి అయిదు ధాన్యాలతో చేసి పులిసే అవకాశం ఉన్న ఏ పదార్థమూ ఆ వారం వాళ్ల సొత్తుగా ఉండకూడదు. చపాతీ పిండి, బొంబాయి రవ్వ, సేమియా, హార్లిక్స్ అందరికీ తోస్తాయి. ఎవరికీ తోచనిది ఇంగువ. మనం తెచ్చుకునే పొడి ఇంగువ డబ్బాల్లో చాలావాటికి గోధుమ పిండి కలుపుతారు, చిన్న అక్షరాలు చదవండి. అష్కెనాజీ ఇళ్లలో ఆ వారం బియ్యం, పప్పులు, ఆవాలు కూడా తినరు, అంటే మన పోపు మొత్తం ఆగినట్లే. సెఫార్దీలలో చాలామంది బియ్యాన్ని మూడుసార్లు ఏరి వండుకుంటారు. మీ సరుకు మీది కాబట్టి విడిగా కట్టిపెట్టే మార్గం హలాఖాలో ఉంది, కానీ ఎక్కడ పెట్టాలో ఇంటివాళ్లు చెప్పిన చోటే పెట్టండి.

యోమ్ కిప్పూర్ మాత్రం తేలికగా తీసుకోవద్దు. సుమారు 25 గంటలు అన్నం, నీళ్లు లేని ఉపవాసం. మంచాన ఉన్న పెద్దవాళ్లు కూడా పట్టుబడతారు. రోగి తినాలని డాక్టరు చెబితే, రోగి వద్దన్నా తినిపించాలి. రోగి తనకు కావాలంటే, వంద మంది డాక్టర్లు అక్కరలేదన్నా ఇవ్వాలి, ఎవరి బాధ వారి గుండెకే తెలుసు కాబట్టి. ఇది తల్మూద్ చర్చించి తేల్చిన విషయం. కొందరికి రబ్బీలు కొంచెం కొంచెంగా తినే పద్ధతి చెబుతారు. సుమారు 30 మిల్లీలీటర్ల పరిమాణానికి లోపే ఆహారం, ఒక పుక్కిటి కంటే తక్కువ నీళ్లు, మధ్యలో 9 నిమిషాలు లేదా అలాంటి విరామం. మందు సీసాతో వచ్చే చిన్న కొలత కప్పు, గోడ గడియారం దగ్గర పెట్టుకోండి. ఇన్సులిన్ తీసుకునేవారికి ఇది సరిపోకపోవచ్చు, కాబట్టి డాక్టరు మాట, రబ్బీ మాట రెండూ పండుగకు ముందే రాయించి ఫ్రిజ్ మీద అంటించమనండి. "రబ్బీ తినమన్నారు" అన్న ఒక్క మాటకు లొంగే పెద్దవాళ్లను నేను చూశాను.

కూతురు రోజుకు ఎన్నోసార్లు ఫోను చేసి విసిగిస్తున్నారని రాశారు. కొంచెం ఓర్చుకోండి. తల్లిదండ్రులకు తినిపించడం, బట్టలు వేయడం, చెయ్యి పట్టి నడిపించడం హలాఖాలో పిల్లల విధి. తల్లికో తండ్రికో మతి చలించి, ఇక భరించడం చేతకాని స్థితి వస్తే, తాను తప్పుకుని వేరేవారిని తగినట్లు నియమించవచ్చని 12వ శతాబ్దపు పండితుడు మైమోనిడీస్ రాశారు. ఆయన కాలంవాడే అయిన మరో పండితుడు రావద్ దానికి ఒప్పుకోలేదు, కడుపున పుట్టినవాడే వదిలిపోతే ఇంకెవరు చూస్తారని నిలదీశారు. ఈ రెండు మాటలూ ఆ కూతురి మనసులో ఉంటాయి. మీరు ఆ ఇంట్లో ఉన్నది మైమోనిడీస్ ఇచ్చిన అనుమతి మీద, ఆమె ఫోన్లు చేస్తున్నది రావద్ వేసిన ప్రశ్న వల్ల.

చివరగా మీ సెలవు. 1951 నాటి పని గంటల, విశ్రాంతి చట్టం ప్రకారం యూదేతర ఉద్యోగులు వారపు విశ్రాంతిని శుక్ర, శని, ఆదివారాల్లో తమకు అనువైన రోజున తీసుకోవచ్చు. శనివారం లైటు, హీటర్, మందుల అవసరం వల్ల ఆ రోజు మీరు ఉండాలని వాళ్లు కోరుకుంటారు, చర్చికి వెళ్లేవాళ్లయితే ఆదివారం మీకూ కలిసొస్తుంది. శనివారమే కావాలనుకుంటే అడగడానికి మొహమాటపడవద్దు, కానీ ఆ వారం మొదట్లోనే చెప్పండి. శుక్రవారం దీపాలు వెలిగించాక వాళ్లు ఇంకొకరిని ఫోను చేసి పిలిపించుకోలేరు.